చరిత్రను చిత్రించే కెమెరా

మొగల్తూరు పేరు వినగానే కృష్ణంరాజు, చిరంజీవి వంటి నటులు గుర్తుకు వస్తారు. చరిత్రను, సంస్కృతిని చిత్రించే డాక్యుమెంటరీ ఛాయాగ్రాహకుని పేరు అరుదుగా వినబడుతుంది. అతడు కథను కల్పించడు, జరిగినదానిని భద్రపరుస్తాడు.

1946లో ప్రభుత్వ వార్తాచిత్ర విభాగాలు మూతపడ్డాయి. అందువలన 1947 ఆగస్టు నాటి స్వాతంత్ర్య ఘట్టాలను చిత్రీకరించే భారం ప్రైవేటు వ్యక్తులపై, సంస్థలపై పడింది. 1948లో ఫిల్మ్స్ డివిజన్ ఏర్పడిన తరువాత ఈ వృత్తికి స్థిరమైన ఆధారం లభించింది.

ఈ వృత్తిని కోరేవారు కెమెరాతో పాటు చరిత్రను కూడా అభ్యసించాలి. నరసాపురం ప్రాంతపు లేసు విదేశాలకు చేరుతుంది. అల్లిన స్త్రీ పేరు మరుగునపడుతుంది. ఆమె అనుమతితో, ఆమె వేళ్ళ నేర్పును, మాటను చిత్రించి ఉంచితే ఆ విద్య భావితరాలకు అందుతుంది.