కప్పల తక్కెడ

మన తెలుగునాట "కప్పల తక్కెడ" యను జాతీయము కలదు. తక్కెడలో ఒక కప్పను ఉంచి రెండవదానిని పట్టి తెచ్చులోపల మొదటిది క్రిందికి దుముకును. దానిని పట్టి మరల నుంచులోపల రెండవది గెంతును. ఎంత శ్రమపడినను తూకము కుదురదు. అందువలననే ఒక్కమాటపై నిలువని జనసమూహమును చూచి, "ఇది కప్పల తక్కెడ" యని పెద్దలు నవ్వుదురు. బాలలారా! ఈ మాటను మనము పరిహాసమునకే వాడుచుందుము. కాని కప్పను నిజముగనే తూచవలసిన సందర్భములు కలవు. ఒక చిన్న జీవి ప్రాణము ఆ తూకముపై ఆధారపడి యుండుటయు కలదు. అది యెట్లో ఈ పాఠమున తెలిసికొందము.

ఖమ్మము నుండి భద్రాచలమునకు పోవు త్రోవలో పంటపొలములు క్రమముగా తరిగి, టేకు, ఇప్ప, తునికి, వెదురు పెరుగు అడవి దగ్గరపడును. కొత్తగూడెము, పాల్వంచ దాటి ముందుకు సాగినచో గోదావరి కానవచ్చును. తెలంగాణములో మిక్కిలి యెండలు కాయు ప్రదేశములలో ఇది యొకటి. వేసవిలో ఉష్ణము 45 డిగ్రీలకు చేరు దినములును కలవు. అప్పుడు కుంటలు ఎండును. మట్టి నెఱ్ఱెలు విచ్చును. ఎంత వెదకినను కప్ప యొక్కటియు కంటబడదు. కాని తొలకరి జల్లు గట్టిగా కురిసిన రాత్రి ఆ కుంటల చెంతనే వందలకొలది కంఠములు ఒక్కసారిగా మ్రోగును. బోదురుకప్పలలో మగవి అప్పుడు పసుపు వన్నె దాల్చి, గొంతునకు ఇరువైపుల నీలిసంచులను పూరించి బెకబెకలాడును.

వానకును కప్పకును గల ఈ చెలిమిని మన పల్లెజనులు ఏనాడో గమనించిరి. వానలు వెనుకబడిన యేట తెలంగాణ పల్లెలలో బాలురు కప్పను రోకలికి కట్టి, వేపమండలు చుట్టి, ఇంటింటికిని త్రిప్పుదురు. గృహిణులు దానిపై నీరు పోయుదురు. ఈ యాచారమునకు కప్పతల్లి యని పేరు.

మరి వేసవిలో ఈ కప్పలు ఎచట నుండెను? అవి నేలలోనికి దూరి, తేమగల మన్నులో కదలక మెదలక పడియుండెను. దీనిని గ్రీష్మసుప్తి యందురు. ఆ కాలమున కప్ప ఆహారము తినదు. చర్మము ద్వారమున కొలదిగా గాలిని గ్రహించుచు, గుండె మెల్లగా కొట్టుకొనుచుండగా కాలము గడపును. తినకయే జీవించుట యెట్లు సాధ్యము? దాని కడుపులో, మూత్రపిండములకు ముందుభాగమున, పసుపుపచ్చని వ్రేళ్ళవంటి కొవ్వు దేహములు ఉండును. వానకాలమున తిన్నదానిలో కొంత ఇందు నిలువచేరును. వేసవిలో ఈ నిలువయే కప్పను కాపాడును. తొలకరిలో గ్రుడ్లు పెట్టుటకును తోడ్పడును. రైతునకు గాదె యెట్టిదో, కప్పకు కొవ్వు అట్టిది. వానకాలమున నిండుట, వేసవిలో తరుగుట, ఈ రెండును కూడినప్పుడే దాని బ్రదుకు సక్రమముగా సాగును.

ఇప్పుడొక సంగతిని ఊహింతము. అడవియంచున నున్న ఒక పల్లెలో ఒక బాలుడు తొలకరినాడు కుంటయొద్ద నొక బోదురుకప్పను పట్టి, ఇంటికి తెచ్చి, పెద్ద మట్టితొట్టిలో నుంచెననుకొందము. వానికి దానిపై మిక్కిలి ప్రేమ. సాయంకాలము దీపము చుట్టు మూగు ఉసిళ్ళను గుప్పెళ్ళతో తెచ్చి తొట్టిలో వేసెను. ఉదయమున మిడుతలు, మధ్యాహ్నమున వానపాములు. కప్ప దేనిని గాని వలదనలేదు. అది దినదినమునకు గుండ్రబడుట చూచి బాలుడు పొంగిపోయెను. నెలదాటునప్పటికి అది గెంతుట మానెను. తట్టినను ఒక్క అడుగు జరిగి చతికిలబడుచుండెను.

బాలుడు దుఃఖించి, "తాతా! నేను దీనికి ఏమి తక్కువ చేసితిని?" అని యడిగెను.

తాత తొట్టిలోనికి తొంగిచూచి, "తక్కువ చేయలేదు బిడ్డా, ఎక్కువ చేసితివి. దీనికి నీవు వానకాలమునే ఇచ్చితివి. ఎండకాలమును ఇయ్యలేదు" అనెను.

ఈ మాటలో శాస్త్రము కలదు. కప్ప వలదనకపోవుటకు కారణము ఆకలి మాత్రమే కాదు. దాని కన్నును కారణమే. 1959వ సంవత్సరమున అమెరికాలోని మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థకు చెందిన లెట్విన్ మొదలగు శాస్త్రజ్ఞులు కప్ప కంటిని పరిశోధించి యొక వ్యాసము ప్రకటించిరి. కదలని ఆహారము చుట్టును కుప్పలుగా నున్నను కప్ప ఆకలితో చచ్చునని వారు తెలిపిరి. కన్నుల యెదుట చిన్న వస్తువు కదలినచో చాలు, ముందువైపున అంటుకొనియుండు దాని నాలుక వెలుపలికి విసరబడి, దానిని లోనికి లాగుకొనును. అడవిలో పురుగు ఎప్పుడు దొరకునో తెలియదు గనుక దొరకినప్పుడే తినుట దానికి మేలు. తొట్టిలోనో, పురుగు ప్రతిపూటయు దొరకును; పరుగిడి పట్టవలసిన శ్రమ లేదు; తప్పించుకొన వలసిన పాము లేదు; ఉపవాసముండవలసిన వేసవియు లేదు. గాదె నిండుచునే యుండును గాని ఖర్చు కాదు.

అంతేకాదు. కప్ప శీతలరక్త జీవి. తన దేహమును వెచ్చగా నుంచుకొనుటకు అది ఆహారమును వెచ్చింపదు. కావున దానితో సమానమైన బరువుగల ఎలుకకు కావలసినదానిలో స్వల్పభాగమే దానికి చాలును. చలిదినములలో ఆ యక్కర ఇంకను తగ్గును. మనకు మూడుపూటల ఆకలి యగును గనుక దానికిని అట్లే యగునని తలచుట పొరపాటు.

జంతుప్రదర్శనశాలలలోను, ప్రయోగశాలలలోను, కొన్ని విదేశములందు ఇండ్లలోను కప్పలను పెంచుదురు. వాటిని చూచుకొనువారు పాటించు నియమములు తెలిసికొనదగినవి. ఎదుగుచున్న చిన్నకప్పకు ప్రతిదినము ఆహారమీయవచ్చును. ఎదిగిన కప్పకు వారమునకు రెండు మూడు మారులు చాలును. దక్షిణ అమెరికాలోని కొమ్ముకప్ప వంటి సోమరి జాతులకు అంతకన్నను తక్కువ సరిపోవును. వేయు పురుగు కప్ప రెండు కన్నుల నడిమి దూరముకన్న పెద్దది కారాదు. కీచురాళ్ళు, మిడుతలు, వానపాములు మంచి యాహారము. కొవ్వు అధికముగా నుండు ఎలుకపిల్లలను తరచుగా పెట్టుట హానికరము. అట్టి మేతవలన కొన్ని జాతుల కప్పలకు కంటి పారదర్శకమైన పొరపై తెల్లని కొవ్వు పేరుకొని చూపు మందగించును. కీచురాళ్ళలో సున్నపు ధాతువు తక్కువ గనుక వాటిపై కాల్షియము పొడి చల్లి యిత్తురు. లేనిచో ఎముకలు మెత్తబడును.

ఇక తూకము సంగతి. మూతయు, గాలిరంధ్రములును గల తేలిక పెట్టెను ముందుగా తూచవలయును. పిదప కప్పను అందుంచి తూచి, పెట్టె బరువును తీసివేయవలయును. ఒట్టి పెట్టె 80 గ్రాములు, కప్పతో కలిపి 230 గ్రాములు అయినచో కప్ప బరువు 150 గ్రాములు. మూత యుండుటచే మన జాతీయములోని చిక్కు ఇచట లేదు. కప్పను తాకుటకు ముందు చేతులు కడిగి తడిగానే యుంచుకొనవలయును; పొడిచేయి దాని సున్నితమైన చర్మమునకు హానిచేయును.

ఒక్కనాటి తూకమును నమ్మరాదు. కప్ప నోటితో నీరు త్రాగదు. చర్మముతో పీల్చుకొని మూత్రాశయములో నిలువచేయును. భయపడినచో ఆ నీటిని చిమ్మివేయును. కప్పను పట్టిన బాలుర కెల్లరకు ఈ యనుభవము కలదు. ఆ నీటి మూలమున బరువు గంటగంటకు మారవచ్చును. కావున వారమున కొకమారు, ఆహారమునకు ముందు, ఒకే వేళకు తూచి, తేదీతో వ్రాసియుంచవలయును. చిన్నకప్పకు పొడవును బరువును కలిసి పెరుగుట సహజము. ఎదిగిన కప్పకు పొడవు మారక బరువు మాత్రమే పెరుగుచున్నచో అది క్రొవ్వుచున్నదని యర్థము.

కన్నులును త్రాసువలె పనిచేయును. వెన్నెముకయు, తుంటి యెముకలును పొడుచుకొని కనబడి, తొడలు సన్నగిల్లినచో కప్ప చిక్కినది. ప్రక్కలు పొంగి, చంకలలో చర్మము మడతలు పడినచో బలిసినది. ఆస్ట్రేలియా దేశపు పచ్చ చెట్టుకప్పకు కన్నులపై నుండు కొవ్వుగట్టు బలిసి క్రిందికి వ్రాలును. ఐనను ప్రతి పొంగును కొవ్వు కాదు. ఆడకప్ప గ్రుడ్లతో నిండియుండవచ్చును. దేహమంతయు నీటితిత్తివలె ఉబ్బినచో అది రోగము. అప్పుడు పశువైద్యునకు చూపవలయును. బలిసిన కప్పను ఒక్కసారిగా పస్తుంచరాదు. పూటల మధ్య ఎడమును క్రమముగా పెంచి, విశాలమైన తావిచ్చి, అది వెంటాడి పట్టుకొనునట్లు చేయవలయును.

ఇంత తెలిసికొన్న పిదప మన బాలుడు ఏమి చేయవలయును? బోదురుకప్ప వన్యప్రాణి. 1972వ సంవత్సరపు వన్యప్రాణి సంరక్షణ చట్టము మన దేశమున వన్యజీవులను పట్టుటను అరికట్టుటకై యేర్పడినది. ఒకప్పుడు మన దేశమునుండి కప్పకాళ్ళు టన్నులకొలది విదేశములకు ఎగుమతియయ్యెడివి. పొలములలోని పురుగులను తినివేయు నేస్తము తరిగిపోవుచున్నదని గ్రహించి ప్రభుత్వము 1987లో ఆ యెగుమతిని నిషేధించెను. కావున కుంటలోని కప్పను కుంటలోనే ఉండనిచ్చుట మేలు. దూరదేశపు కప్పలనో, కొని తెచ్చినవానినో మన నీళ్ళలో వదలుట మాత్రము ఎన్నడును కూడదు. వాటివెంట వచ్చు రోగములు మన కప్పలను నశింపజేయగలవు.

తాత మాట విన్న బాలుడు పూటల మధ్య ఎడమును పెంచెను. కొన్ని వారములకు కప్ప మరల గెంతజొచ్చెను. వానలు వెనుదిరుగక మునుపే యొక సాయంకాలము వాడు దానిని పట్టిన కుంటయొద్దకే తీసికొనిపోయి, తడిగట్టుపై విడిచెను. అది క్షణకాలము కదలక కూర్చుండి, ఒక్క దుముకున నీటిలో పడెను. ఆ రాత్రి కుంటనుండి అనేక కంఠములు వినవచ్చెను. వాటిలో తన కప్ప కంఠము ఏదో వానికి తెలియలేదు. తెలియకున్నను వాడు సంతోషముతో నిదురించెను.

ప్రేమించుట యనగా ఎడతెగక పెట్టుట మాత్రమే కాదు. ఎదుటి ప్రాణికి ఎంత కావలయునో తెలిసికొని, అంతవరకే పెట్టుట. ఆ తక్కెడ కుదిరినచో కప్పయైనను, మనుష్యుడైనను సుఖముగా నుండును.

ప్రశ్నలు

1. "కప్పల తక్కెడ" యను జాతీయమును సొంతవాక్యమున ప్రయోగింపుము.
2. కప్పకు కొవ్వు దేహములవలన కలుగు ప్రయోజనములేవి?
3. "దీనికి నీవు వానకాలమునే ఇచ్చితివి. ఎండకాలమును ఇయ్యలేదు" అను తాత మాటలను వివరింపుము.
4. ఒక్కనాటి తూకమును ఏల నమ్మరాదు?