ఒంటరిగా ఉన్నప్పుడు: ఇంట్లోకి ఎవరో వచ్చారనే భయం

ఆదోని, కోసిగి, ఎమ్మిగనూరు పల్లెల నుండి ఎన్నో కుటుంబాలు మిరపకాయ కోతలకు గుంటూరు వైపు సుగ్గికి వెళ్తాయి. ఇంటి దగ్గర అవ్వాతాతలు మిగిలిపోతారు. అటువంటివారు మాతో చెప్పే మాట ఒకటుంది: "రాత్రి ఇంట్లో ఎవరో తిరిగినట్లుంటుంది. లేచి చూస్తే ఎవరూ ఉండరు."

ఎందుకిలా జరుగుతుంది?

ఇది పిరికితనం కాదు. అపాయముందని మెదడుకు అనుమానం రాగానే అడ్రినలిన్ అనే హార్మోను రక్తంలో కలుస్తుంది. గుండె దడదడలాడుతుంది, చెమట పడుతుంది, చిన్న చప్పుడు కూడా పెద్దగా వినిపిస్తుంది. ఎలుక పరుగు మనిషి అడుగులా తోస్తుంది. దానితో భయం ఇంకా పెరుగుతుంది. కొందరికి సగం మెలకువలో ఒళ్ళు కదలక, పక్కన ఎవరో నిలబడినట్లు అనిపిస్తుంది. ఇది నిద్రకు సంబంధించినదే, కొద్దిసేపట్లో పోతుంది.

పుకార్లు ఈ భయాన్ని పెంచుతాయి. 1990లలో తలుపులపై "ఓ స్త్రీ రేపు రా" అని రాసుకున్నది పెద్దలకు గుర్తుండే ఉంటుంది. 2018 మే నెలలో దొంగల ముఠాలు తిరుగుతున్నాయని ఫోన్లలో వచ్చిన అబద్ధపు వార్తలు నమ్మి, తెలంగాణలో జనం అమాయకులను కొట్టి చంపారు.

ఏమి చేయాలి?

1. తలుపు గడియలు పగలే బాగు చేయించుకోండి. పడుకునే ముందు ఒక్కసారి చూసుకోండి. పదేపదే చూస్తే అనుమానం పెరుగుతుంది.
2. భయం వేస్తే లైటు వేసి కూర్చోండి. ముక్కుతో మెల్లగా గాలి పీల్చి, ఇంకా మెల్లగా వదలండి. పదిసార్లు చేయండి.
3. పిలిస్తే పలికేలా పక్కింటివారితో ముందే చెప్పి ఉంచండి.
4. గడియ విరుస్తున్నట్లు, మనుషులు మాట్లాడుతున్నట్లు తెలిస్తే వెతకడానికి వెళ్ళవద్దు. 112కు ఫోను చేయండి.
5. నిద్ర కోసం సారా తాగవద్దు. సొంతంగా నిద్రమాత్రలు కొనవద్దు.

ఆసుపత్రికి ఎప్పుడు రావాలి?

రెండు వారాలుగా నిద్ర లేకపోయినా, ఇతరులకు వినబడని మాటలు వినిపిస్తున్నా రండి. పెద్దవారు ఉన్నట్టుండి తికమకగా మాట్లాడితే ఆలస్యం చేయవద్దు. మూత్రంలో ఇన్ఫెక్షన్ వల్ల కూడా అలా జరగవచ్చు. "ఎవరో నా సామాను ఎత్తుకుపోతున్నారు" అని రోజూ అంటుంటే మతిమరుపు జబ్బేమో పరీక్ష చేయించాలి. వారిని నవ్వవద్దు, కసరవద్దు. టెలి మానస్ 14416 నంబరుకు రాత్రైనా పగలైనా ఉచితంగా ఫోను చేసి తెలుగులో మాట్లాడవచ్చు.

సుగ్గికి వెళ్ళే బిడ్డలకు మా మనవి: రోజూ చీకటి పడేవేళకు ఇంటికి ఒక ఫోను చేయండి. అడిగేవారున్నారని తెలిస్తే అవ్వకు ధైర్యంగా ఉంటుంది.