పాట పాడించే డీఎల్ఎల్ ఫైళ్ళు

హాస్టల్ కంప్యూటరులో పాట మోగకపోతే తమ్ముళ్ళు మొదట స్పీకరు వైరు కదుపుతారు. తరువాత కంప్యూటరు ఆపి మళ్ళీ పెడతారు. అప్పటికీ మోగకపోతే, తెర మీద కనిపించిన డీఎల్ఎల్ పేరును ఇంటర్నెట్‌లో వెతికి, ఎక్కడ దొరికితే అక్కడి నుంచి దించుకుని ఫోల్డరులో పడేస్తారు. మొదటి రెండు పనులతో నష్టం లేదు. మూడోది ప్రమాదం. ఎందుకు ప్రమాదమో తెలియాలంటే ముందు ఆ ఫైలు చేసే పని తెలియాలి.

వినాంప్ అనే ప్లేయరును ఉదాహరణగా తీసుకుంటున్నాం. దీన్ని 1997లో జస్టిన్ ఫ్రాంకెల్, డిమిత్రి బోల్దిరెవ్ తయారుచేశారు. ఇప్పుడు దాన్ని వాడేవారు తక్కువే గానీ, నేర్చుకోవడానికి ఇంత తేట ఉదాహరణ మరొకటి మాకు కనబడలేదు.

మా ఇంట్లో డిగ్రీ దాకా వచ్చింది మేమే మొదలు. కంప్యూటరు సంగతులు అడగడానికి ఇంట్లో ఎవరూ లేరు. కాబట్టి పొలంలో చూసిన దానితోనే పోల్చి చెబుతాం. ట్రాక్టరు ఒక్కటే. వెనుక నాగలి తగిలిస్తే దున్నుతుంది, గొర్రు తగిలిస్తే విత్తుతుంది, ట్రక్కు తగిలిస్తే బస్తాలు మోస్తుంది. కొత్త పనిముట్టు వచ్చినప్పుడల్లా ఇంజను విప్పనక్కర లేదు, తగిలించే కొక్కెం కొలత కుదిరితే చాలు. వినాంప్ ట్రాక్టరు అయితే, దాని 'ప్లగిన్స్' ఫోల్డరులోని డీఎల్ఎల్ ఫైళ్ళు పనిముట్లు. డీఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ, అంటే అవసరమైనప్పుడు వేరే ప్రోగ్రాము పిలిచి వాడుకునే ప్రోగ్రాము ముక్క.

ఫైలు పేరు మొదటి అక్షరాలే దాని పని చెబుతాయి. 'ఇన్_' అని ఉంటే పాట ఫైలును చదివేది. 'అవుట్_' అంటే శబ్దాన్ని సౌండు కార్డుకు పంపేది. 'డీఎస్పీ_' మధ్యలో శబ్దాన్ని మార్చేది. 'విస్_' పాటకు తగ్గట్టు తెర మీద రంగులు ఆడించేది. రంగుల కోసమే ప్లేయరు పెట్టేవాళ్ళు మన హాస్టల్లో ఉన్నారు, వారి పేర్లు రాయడం లేదు!

అసలు కష్టం 'ఇన్_' దే. సీడీ నాణ్యత గల శబ్దంలో సెకనుకు 44,100 కొలతలు, ఒక్కో కొలతకు 2 బైట్లు, ఎడమ కుడి కలిసి 2 వరుసలు. అంటే సెకనుకు 1,76,400 బైట్లు. 5 నిమిషాల పాటకు దాదాపు 5.3 కోట్ల బైట్లు అవుతుంది. అదే పాట 128 కిలోబిట్ల ఎంపీ3గా 48 లక్షల బైట్లలో సర్దుకుంటుంది. చెవి అంతగా పట్టించుకోని వివరాలను వదిలేయడం వల్ల ఇది సాధ్యం. ఆ మూటను విప్పి తిరిగి సెకనుకు 44,100 కొలతలుగా పరిచే పని 'ఇన్_ఎంపీ3' ఫైలుది. ఓజీజీ పాటకు 'ఇన్_వార్బిస్' అనే వేరే ఫైలు ఉంది. అందుకే ఒక రకం పాటలు మోగి, మరో రకం మోగకపోతే స్పీకరును తిట్టి లాభం లేదు. ఏ పాటా మోగకపోతే 'అవుట్_' వైపు, సౌండు సెట్టింగుల వైపు చూడాలి.

ప్లేయరు తెరవగానే ఆ ఫోల్డరు వెతికి ఒక్కో డీఎల్ఎల్‌ను తన మెమరీలోకి తెచ్చుకుంటుంది. ముందే ఒప్పుకున్న పేరు గల ఫంక్షను అందులో ఉందా అని చూస్తుంది. మనం చెప్పిన కొక్కెం ఇదే. 32 బిట్ల ప్లేయరుకు 64 బిట్ల డీఎల్ఎల్ తగలదు, కొలత వేరు.

ప్రమాదం కూడా ఇక్కడే ఉంది. డీఎల్ఎల్ పాట కాదు, ప్రోగ్రాము. ప్లేయరు లోపల నడుస్తుంది కనుక ప్లేయరుకు ఉన్న అధికారాలన్నీ దానికీ ఉంటాయి. మీ ఫైళ్ళు చదవగలదు, చెరపగలదు, బయటికి పంపగలదు. హాస్టల్ కంప్యూటరులో ఉన్నవి పాటలేనా? ఉపకార వేతనాల దరఖాస్తులు, కుల, ఆదాయ ధ్రువపత్రాల స్కాన్లు, బ్యాంకు పాసుబుక్కు పేజీలు అందరివీ అందులోనే ఉన్నాయి. ఒకరు పాట కోసం తెచ్చిన ఫైలుకు అరవై మంది కాగితాలు అప్పజెప్పినట్టు అవుతుంది.

డీఎల్ఎల్ లేదని సందేశం వస్తే ఆ ఒక్క ఫైలును వెతకవద్దు. ప్లేయరును దాని సొంత సైటు నుంచి దించి మళ్ళీ ఇన్‌స్టాల్ చేయండి. అడిగేది విజువల్ సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్ ఫైలైతే దాన్ని మైక్రోసాఫ్ట్ ఉచితంగానే ఇస్తుంది. పెన్‌డ్రైవులో వచ్చిన డీఎల్ఎల్ ఎవరిచ్చినా, మేమిచ్చినా సరే, వద్దనండి.

చేసి చూడాలనుకునే వారు వినాంప్ మూసేసి 'ఇన్_ఎంపీ3' ఫైలును వేరే ఫోల్డరుకు జరపండి.  మళ్ళీ తెరిచి ఒక ఎంపీ3, ఒక ఓజీజీ పాట పెట్టి తేడా చూడండి. చూశాక ఫైలును మళ్ళీ దాని చోట పెట్టండి, రాత్రి పాటల వాళ్ళు వస్తారు.