చదివింపుల పుస్తకంలో లేనివాళ్లు

దివిసీమ పల్లెల్లో ఊళ్ల కథలు, ఇళ్ల కథలు రాసుకుంటూ తిరిగి తిరిగి ముసలివాణ్నయ్యాను. సొంత ఊరి గురించి రాస్తామంటూ కుర్రవాళ్లు వచ్చి సలహా అడుగుతుంటారు. నాకు తెలిసింది ఇదీ.

1. పెద్దవాళ్లని ఏ సంవత్సరమని అడక్కండి, ఏ సందర్భమని అడగండి. మా వైపు కాలానికి కొలత ఉప్పెన. 1977 నవంబరు 19. "పెద్దబ్బాయి ఎప్పుడు పుట్టాడు పెద్దమ్మా?" అంటే, "ఏమో బాబూ, ఉప్పెన నాటికి పారాడతన్నాడు" అంటుంది. లెక్క తేలిపోయినట్టే. తెలుగు సంవత్సరం పేరు చెబితే మాత్రం జాగ్రత్త. అరవయ్యేళ్లకోసారి అదే పేరు తిరిగొస్తుంది. ఉప్పెన వచ్చింది పింగళలో. 1917 ఉగాదికి మొదలైందీ పింగళే. ఏమరుపాటుగా ఉంటే తాత పెళ్లినీ మనవడి పెళ్లినీ ఒకే పందిట్లో చేసేస్తారు.

2. కైఫీయతులు చదవండి. రెండు వందల ఏళ్ల కిందట మెకంజీ దొర కోసం కావలి సోదరులూ వాళ్ల తోటివాళ్లూ ఊరూరా సేకరించిన స్థానిక చరిత్రలవి. గుడి ఎవరు కట్టించారు, చెరువు ఎవరు తవ్వించారు, మాన్యం ఎవరికిచ్చారు అన్న వివరాలు దొరుకుతాయి. చెరువుమట్టి మోసినవాళ్ల పేర్ల కోసం మాత్రం వెతక్కండి.

3. అటక మీద పాత పెళ్లి చదివింపుల పుస్తకం కనబడితే వదలకండి. నా దగ్గరున్నదాని అంచులకు ఇంకా పసుపు మరకలున్నాయి. ఇంటిపేరు, పేరు, ఊరు. ఎదురుగా అర్ధరూపాయి, రూపాయి, కంచుగ్లాసు, రాగిచెంబు. ఒకే ఇంటి రెండు పెళ్లిళ్ల పద్దులు పక్కపక్కన పెట్టి చూస్తే ఏ ఊళ్లతో రాకపోకలు ఉండేవో, ఎవరితో మాటలు ఆగిపోయాయో ఇట్టే తెలిసిపోతుంది. అయితే సన్నాయి ఊదినవాళ్లు, బట్టలుతికినవాళ్లు, గాడిపొయ్యి దగ్గర కట్టెలు కొట్టినవాళ్లు అందులో ఉండరు. వాళ్లు చదివించలేదు, చాకిరీ చేశారు. వాళ్ల ఇళ్లకు వెళ్లి అదే పెళ్లి గురించి అడగండి. నేను విన్న మంచి కథల్లో చాలావరకు ఆ గుమ్మాల్లో విన్నవే.

4. పాత ఫొటోల వెనక పేర్లు రాయించండి. పెన్సిలుతో. ఇవాళే.

5. ఒకే సంగతి ఇద్దరు రెండు రకాలుగా చెబితే తగువు తీర్చకండి. రెండూ రాయండి, ఎవరు ఏది చెప్పారో కూడా రాయండి. ఊరి సంగతీ అంతే, ఒక్కొక్కరికి ఒక్కో రకం. ఈ మధ్య ఊరి కథలంటే అరిటాకు భోజనాలు, ఎడ్లబండి ప్రయాణాలే అయిపోయాయి. ఆ పంక్తిలో కూచోనివ్వనివాళ్లకు కూడా అది ఊరే కదా!

6. అచ్చుకిచ్చే ముందు చెప్పినవాళ్లకు చదివి వినిపించండి. తప్పులు దిద్దుతారు, మరిచిపోయింది కలుపుతారు. "ఆ ఆడబడుచు ముక్క తీసెయ్ బాబూ, అది చదువుద్ది" అన్నారా, తీసెయ్యండి. కథంతా ఆ ముక్క మీదే నిలబడి ఉన్నా సరే.