వార్డులో మాట్లాడే జర్మన్

హన్మకొండ

చి.ల.సౌ. మేనకోడలికి,

 

నీ ఉత్తరం అందింది. జర్మన్ క్లాసులు చెప్పుకుంటూ ఉండిపోవాలా, రెట్టింపు జీతం ఇస్తామంటున్న యాప్ కంపెనీలో పాఠాలు తయారుచేసే ఉద్యోగానికి వెళ్లాలా, లేక నీ స్నేహితురాలు అన్నట్టు ఏఐ వచ్చాక భాషలు నేర్పేవాళ్లకు పనే ఉండదనుకుని ఈ రంగమే వదిలేయాలా అని అడిగావు. ముందే చెప్పేస్తున్నా తల్లీ, వదలొద్దు. అలాగని ఇప్పుడు చెబుతున్న పద్ధతిలోనే చెబుతూ కూర్చోవద్దు కూడా. ఎందుకో వివరంగా రాస్తాను, కాస్త ఓపిగ్గా చదువు.

బెర్లిట్జ్ సంగతి నువ్వు ఇఫ్లూ విశ్వవిద్యాలయంలో చదివే ఉంటావు. జర్మనీ నుంచి అమెరికాకు వలస వెళ్లిన మాక్సిమిలియన్ బెర్లిట్జ్ 1878లో రోడ్ ఐలండ్‌లోని ప్రావిడెన్స్‌లో భాషల బడి పెట్టాడు. ఫ్రెంచి చెప్పడానికి నికొలా జొలీ అనే అతన్ని కుదుర్చుకున్నాడు. తీరా మనిషి వచ్చాక చూస్తే అతనికి ఇంగ్లీషు ముక్క రాదు. అప్పటికే బెర్లిట్జ్ జబ్బుపడి ఉన్నాడు. చేసేది లేక, వస్తువులు చూపించు, సైగలు చెయ్యి, ఎలాగోలా నెట్టుకురా అని చెప్పాడు. కొన్ని వారాల తర్వాత లేచి వచ్చేసరికి విద్యార్థులు ఫ్రెంచిలోనే అడుగుతున్నారు, ఫ్రెంచిలోనే జవాబిస్తున్నారు. ఇది ఆ సంస్థవాళ్లు తరతరాలుగా చెప్పుకునే కథ. కొంత మెరుగులు దిద్ది ఉంటే ఉండనీ. ఆ గదిలో జరిగింది మాత్రం నాకు పూర్తిగా నమ్మకం కుదిరే విషయం. ఎదుటి మనిషికి వీళ్ల భాష రాదు, అతని భాషలో అడిగితే తప్ప పని జరగదు. ఆ అవసరమే వాళ్ల చేత నోరు తెరిపించింది.

ఆ తర్వాత ఈ వ్యాపారంలోకి వచ్చిన ప్రతి యంత్రమూ ఎదుట మనిషి లేకుండానే మాట నేర్పుతానంది. 1901లో లండన్‌లో మొదలైన లింగ్వాఫోన్ మైనపు సిలిండర్ల మీద పాఠాలు అమ్మింది, తర్వాత రికార్డులు, క్యాసెట్లు. 1992లో పుట్టిన కంపెనీ రొసెట్టా స్టోన్ అనే సీడీలను పసుప్పచ్చ డబ్బాల్లో పెట్టి విమానాశ్రయాల్లో సైతం అమ్మింది. 2009లో షేర్ మార్కెట్‌కు వెళ్లింది, 2020లో ఇంకొకరి చేతికి పోయింది. ఫోనులో ఉచితంగా దొరికే పాఠం ముందు వందల డాలర్ల డబ్బా నిలవలేదు.

ఆ ఉచిత పాఠం పేరు డ్యుయోలింగో. గ్వాటెమాలాలో పుట్టిన లూయీస్ వాన్ ఆన్, తన శిష్యుడు సెవరిన్ హేకర్‌తో కలిసి పిట్స్‌బర్గ్‌లో మొదలుపెట్టి, 2012లో అందరికీ అందుబాటులోకి తెచ్చాడు. అమెరికాలో చదువుకోవాలంటే ఇంగ్లీషు పరీక్ష రాయాలి, తన దేశంలో సీట్లు లేక దాని కోసం పక్కనున్న ఎల్ సాల్వడోర్‌కు వెళ్లాల్సి వచ్చిందని ఆయన చాలాసార్లు చెప్పాడు. అందుకే ఇంట్లో కూర్చుని రాసే పరీక్ష కూడా పెట్టాడు. ఆ మనిషి ఉద్దేశం మీద నాకు గౌరవం ఉంది. 2025 నాటికి రోజూ ఆ యాప్ తెరిచేవాళ్లు 5 కోట్లకు చేరారు. డబ్బు లేని పిల్లవాడికి కూడా పరాయి భాష తలుపు కొంచెం తెరిచిపెట్టడం చిన్న మేలు కాదు.

అయితే ఆ కంపెనీ తర్వాత ఏం చేర్చుకుంటూ వచ్చిందో గమనించు. 2023లో లెక్కలు, సంగీతం. 2025లో చదరంగం. అంటే వాళ్ల అసలు సరుకు రోజూ ఫోను తెరిపించే అలవాటు. భాష అందులో ఒక పాఠ్యాంశం. పదాలు గుర్తుపట్టడానికి, మరిచిపోకుండా మళ్లీ మళ్లీ చూపించడానికి ఆ పద్ధతి బాగా పనిచేస్తుంది. 1885లోనే హెర్మన్ ఎబ్బింగ్‌హౌస్ మన మరుపు ఎంత వేగంగా సాగుతుందో లెక్కగట్టాడు కదా, ఇవన్నీ ఆ దారిలోనివే. నీ విద్యార్థులు బస్సులో వస్తూ ఆ యాప్ చూస్తే చూడనీ. క్లాసులో పదాల పట్టీలు బట్టీ పట్టించే సమయం నీకు మిగులుతుంది.

ఇక ఏఐ సంగతి. 2025 ఏప్రిల్‌లో వాన్ ఆన్ తన సిబ్బందికి ఒక లేఖ రాశాడు. ఏఐ చేయగలిగిన పనికి కాంట్రాక్టు మనుషులను క్రమంగా తగ్గించుకుంటాం అన్నాడు. ఆ కొద్ది రోజుల్లోనే 148 కొత్త కోర్సులు విడుదల చేశారు. మొదటి 100 కోర్సులు తయారు చేయడానికి వాళ్లకు సుమారు 12 ఏళ్లు పట్టింది, ఈ 148 దాదాపు ఏడాదిలో అయిపోయాయి. ఇప్పుడు నీకు వచ్చిన ఉద్యోగం ఏమిటో ఆలోచించు. వాక్యాలు రాయడం, బొమ్మకు సరిపోయే పదం వెతకడం, అభ్యాసాలు తయారు చేయడం. ఈ రంగంలో యంత్రం ముందుగా మింగేది సరిగ్గా ఆ పనినే. రెట్టింపు జీతం ఈ ఏడాదికి నిజమే. మూడో ఏడాదికి ఆ కుర్చీ ఉంటుందని నాకు నమ్మకం లేదు. వాళ్లు చెడ్డవాళ్లని కాదు, వాళ్ల లెక్క అటు నడుస్తోంది.

విదేశాలకు వెళ్లేవాళ్లు రాసే ఇంగ్లీషు పరీక్షల కోచింగు వైపు వెళతానని కూడా ఒక మాట రాశావు. హైదరాబాద్ అమీర్‌పేటలో కోచింగు బోర్డులు చూస్తే అక్కడే డబ్బంతా ఉన్నట్టు కనిపిస్తుంది, కొన్నాళ్లు ఉంది కూడా. 2021లో మన దేశంలోని బ్రిటిష్ కౌన్సిల్ ఐఈఎల్‌టీఎస్ పరీక్ష వ్యాపారాన్ని ఐడీపీ అనే సంస్థ 13 కోట్ల పౌండ్లు పెట్టి కొనుక్కుంది. కానీ 2024 జనవరిలో కెనడా విదేశీ విద్యార్థుల పర్మిట్లకు పరిమితి పెట్టింది, మిగతా దేశాలూ గేట్లు బిగించాయి. 2025 జూన్‌లో ఆ ఐడీపీ షేరు ఒక్క రోజులో దాదాపు సగానికి పడిపోయింది. చైనాలో ఇంకా ఘోరం. 1993లో యూ మిన్‌హోంగ్ పెట్టిన న్యూ ఓరియెంటల్ అక్కడ ఇంగ్లీషు కోచింగులో మహావృక్షం. 2021 జులైలో ప్రభుత్వం స్కూలు పిల్లల ట్యూషన్ల మీద లాభం తీయకూడదని ఆదేశం ఇచ్చేసరికి ఆ వ్యాపారం కూలింది. మరుసటి ఏడాది వాళ్ల ఇంగ్లీషు మాస్టారు డోంగ్ యూహుయి కెమెరా ముందు నిలబడి, బోర్డు మీద ఇంగ్లీషు పదాలు రాసి వివరిస్తూ వ్యవసాయ ఉత్పత్తులు అమ్మాడు. జనం ఎగబడి కొన్నారు. ఆ సంస్థ తేరుకుంది, కానీ ఆ ఆదేశంతో వీధిన పడ్డ వేలమంది టీచర్లందరికీ కెమెరా దొరకలేదు.

మరి జర్మన్ కూడా వీసా మీద ఆధారపడ్డదే కదా అంటావు. నిజమే. 2024 అక్టోబరులో జర్మనీ మన దేశపు నిపుణులకు ఏడాదికిచ్చే వీసాలను 20,000 నుంచి 90,000కు పెంచుతామని ప్రకటించింది. పెంచిన చేయి తగ్గించనూ వచ్చు. కానీ అక్కడి జనాభా ముసలిదవుతోంది, ఏ ప్రభుత్వమొచ్చినా వాళ్లను పడుచువాళ్లను చేయలేదు. ఆసుపత్రుల్లో, వృద్ధాశ్రమాల్లో చేతులు కావాలి. తెలంగాణ ప్రభుత్వ సంస్థ టామ్‌కామ్ నర్సులకు జర్మన్ నేర్పించి పంపడానికి పూనుకున్నది అందుకే. నువ్వు నిలబడాల్సిన చోటు అదే అని నా అభిప్రాయం. సాదా జర్మన్ టీచరుగా కాదు, నర్సుల జర్మన్ టీచరుగా.

వైద్యరంగంలో పనిచేసేవాళ్లు రాసే ఓఈటీ ఇంగ్లీషు పరీక్షకు నేను నర్సులను తయారుచేసిన రోజుల్లో తెలుసుకున్నది ఒకటి ఇక్కడ పనికొస్తుంది. ఆ పరీక్షలో నర్సు చేతికి ఒక కార్డు ఇస్తారు. ఎదురుగా కూర్చున్న మనిషి రోగిగానో, రోగి కూతురిగానో మాట్లాడతాడు. ఐదు నిమిషాల్లో ఆ మనిషి భయం తగ్గించాలి, విషయం రాబట్టాలి, మందు ఎలా వేసుకోవాలో చెప్పాలి. మిగతా పరీక్షల్లో పర్యావరణం మీద వ్యాసాలు రాయలేక నీరుగారిపోయిన పిల్లలు ఇక్కడ వెన్ను నిటారు చేసుకుని మాట్లాడేవాళ్లు. ఎందుకంటే అది వాళ్ల పని. పదేళ్ల అనుభవం నోటి వెనక నిలబడుతుంది. నీ బీ2 స్థాయి జర్మన్ పుస్తకంలో సెలవుల ప్రయాణాలు, సోషల్ మీడియా మంచిచెడ్డలు ఉంటాయి. అవి చెప్పక తప్పదు, పరీక్ష గట్టెక్కాలి. వాటి పక్కనే వార్డును క్లాసులోకి తీసుకురా.

డ్యూటీ మారేటప్పుడు హ్యాండోవర్ ఎలా ఉంటుందో చూశావా? ఇద్దరు నర్సులు నిలబడి, నాలుగు నిమిషాల్లో ఆరుగురు రోగుల సంగతి మాట్లాడుకుంటారు. రాత్రి ఎవరికి జ్వరం వచ్చింది, ఎవరు మందు వద్దన్నారు, ఎవరి కట్టు తడిసింది. ఆ నాలుగు నిమిషాల జర్మన్ ఏ యాప్‌లోనూ వరసగా దొరకదు. ఇంకొకటి, పరీక్షలో వినిపించే గొంతులు స్టూడియోలో రికార్డు చేసినవి. స్టుట్‌గార్ట్ వైపు ఒక వృద్ధాశ్రమంలో తెల్లవారుజామున పళ్ల సెట్టు తీసేసి, తన ఊరి యాసలో ఏదో అడిగే ముసలావిడ మాట వేరు. అది మన పిల్లలకు మొదటి వారంలోనే ఎదురవుతుంది. మూడు నెలలైనా ముందు నుంచి వాళ్ల చెవికి అలాంటి గొంతులు అలవాటు చెయ్యి.

నాకు అన్నిటికన్నా ముఖ్యమనిపించేది ఇప్పుడు రాస్తున్నాను. మన పిల్లల్లో చాలామందికి జర్మన్‌ను ఇంగ్లీషు మీదుగా నేర్పుతున్నాం. కొన్ని పుస్తకాలు అలాగే ఉన్నాయి, యాప్‌లూ చాలావరకు అలాగే. ఖమ్మం దగ్గర తెలుగు మీడియంలో చదివి నర్సింగు చేసిన అమ్మాయికి ఇది రెండు వాగులు దాటడం. అవసరం లేని వాగు ఒకటి. జర్మన్‌లో ‘ఎందుకంటే’ అని మొదలయ్యే ఉపవాక్యంలో క్రియ చివరికి పోతుంది. ఇంగ్లీషు నుంచి వచ్చే వాళ్లకు అది పెద్ద తలనొప్పి, మధ్యలో ఉన్న క్రియను పీకి చివర పాతాలి. ‘రోగికి నొప్పి వచ్చినందువల్ల’ అని చెప్పుకునే మనకు క్రియ ముందు నుంచీ చివరే ఉంది. ఆ సంగతి పిల్లలకు ఎవరూ చెప్పడం లేదు. నువ్వు చెప్పు.

నొప్పి సంగతే చూడు. పోటు, సలుపు, మంట, గుంజుడు వేరువేరని మన నర్సుకు చిన్నప్పటి నుంచీ తెలుసు. జర్మన్ రోగి కూడా వాటిని అలాగే వేరు చేసి చెబుతాడు. మధ్యలో ఇంగ్లీషు పుస్తకం అన్నిటినీ నొప్పి అనే ఒక్క గాటన కట్టేస్తే ఆ పిల్లకు ఉన్న తెలివి కూడా చేతికి రాదు. అలాగే ఉచ్చారణ. బస్సు, డాక్టరు అని అలవాటైన నోరు కాబట్టి, డాక్టరును పిలిచే ‘ఆర్ట్‌స్ట్’ అనే మాట చివర కూడా ఒక ‘ఉ’ తగిలిస్తుంది. యంత్రం అది తప్పు అని ఎర్ర గీత గీస్తుంది. ఎందుకు వస్తుందో, నాలుకను ఎక్కడ ఆపాలో నువ్వు చూపించగలవు, ఎందుకంటే ఆ నోరు నీది కూడా.

జపనీస్ భాష నేర్పేవాళ్లతో కూడా ఇదే మాట చెప్పాలనిపిస్తుంది. 2019లో జపాన్ పెట్టిన నైపుణ్య వీసాకు వెళ్లే మన పిల్లలకు ఆ వాక్యం తీరు ఇంగ్లీషు కన్నా తెలుగుకే ఎంతో దగ్గర. కానీ అది నీ రంగం కాదు, ఇక్కడితో ఆపుతాను.

ఏఐని దూరం పెట్టమని నేను అనను. నీకు కావలసిన హ్యాండోవర్ సంభాషణలు పది రకాలుగా రాయించుకో, జర్మన్ వార్డు తెలిసిన వాళ్ల చేత సరిచూపించుకో. రాత్రి డ్యూటీ చేసి వచ్చిన పిల్ల క్లాసుకు రాలేకపోతే ఇంట్లో దానితో మాట్లాడి నోరు తిప్పుకోనీ. సిగ్గుపడే వాళ్లకు అది నిజంగా మేలు, తప్పు మాట్లాడితే నవ్వేవాళ్లు అక్కడ లేరు. కానీ ఆ రికార్డింగులు నువ్వు విను. ఏ పిల్ల ఎక్కడ ఆగిపోతోందో రాసి పెట్టుకో. గోథె ఇన్‌స్టిట్యూట్ బీ2 పరీక్షలో చదవడం, వినడం, రాయడం, మాట్లాడటం దేనికదే విడిగా పాసవ్వొచ్చు, ఒక్కో దాంట్లో 60 శాతం రావాలి. కాబట్టి ఒకటి తప్పిన పిల్ల చేత నాలుగింటికీ మళ్లీ ఫీజు కట్టించే చోట పనిచేయకు. వీసా గ్యారంటీ అనే చోట, ఒరిజినల్ సర్టిఫికెట్లు బీరువాలో పెట్టుకునే చోట అసలే వద్దు. అప్పు చేసి వచ్చిన పిల్లలమ్మా వాళ్లు, ఇంట్లో వాళ్ల నగలు బ్యాంకులో ఉంటాయి.

నువ్వు చేయాల్సినవి కొన్ని. నీ సీ1 స్థాయి జర్మన్ ఈ ఏడాదిలో పూర్తి చెయ్యి. గోథె వాళ్ల టీచర్ల శిక్షణ డీఎల్ఎల్‌లో చేరు, ఫీజు సంగతి మీ అమ్మతో నేను మాట్లాడతాను. వరంగల్‌లో నాకు తెలిసిన నర్సింగు సూపరింటెండెంట్ ఒకావిడ ఉన్నారు. నువ్వు వస్తే ఉదయం డ్యూటీ మారే సమయానికి వార్డులో ఒక పక్కన నిలబడి వినడానికి ఒప్పుకున్నారు. రోగుల పేర్లు రాసుకోకూడదు, అంతే.

ఆ యాప్ కంపెనీకి జవాబు ఇచ్చే ముందు కాంట్రాక్టు కాపీ నాకు పంపు. జీతం అంకె కాదు నేను చూడాలనుకుంటున్నది. నువ్వు రాసే పాఠాల మీద, రికార్డు చేసే నీ గొంతు మీద హక్కు ఎవరిదని రాశారో, వాటిని యంత్రానికి నేర్పడానికి వాడుకుంటామనే షరతు ఉందో లేదో చూడాలి. సంతకం మాత్రం నేను చదివేదాకా పెట్టకు.

ఆశీస్సులతో,
మీ మామయ్య