ఖర్చు లెక్కలు: మాటను అర్థం చేసుకునే విధానం

కూడిక, తీసివేత, గుణకారం చక్కగా వచ్చిన పిల్లలు కూడా మాటల్లో ఇచ్చిన లెక్క దగ్గర తరచుగా ఆగిపోతారు. ఏ అంకెతో ఏమి చేయాలో వారికి తోచదు. బెంగళూరులో కన్నడ, ఇంగ్లీషు మాధ్యమాల్లో చదివే తెలుగు పిల్లలకు బడి భాష, ఇంటి భాష వేరు కావడంతో ఈ చిక్కు మరింత పెరుగుతుంది. అయినా బడి భాష రాని తల్లిదండ్రులు సైతం ఈ విషయంలో పిల్లలకు సాయపడగలరు. లెక్కను తెలుగులో తిరిగి చెప్పించి, మూడు ప్రశ్నలు అడిగితే చాలు.

1. చేతిలో ఎంత ఉంది?
2. దేనికి, ఎంత చొప్పున, ఎన్నిసార్లు ఖర్చయింది?
3. అడిగినది మొత్తం ఖర్చా, మిగిలిన సొమ్మా?

మొదటి ఉదాహరణ. 2017 ఆగస్టు 16న బెంగళూరులో ఇందిరా క్యాంటీన్లు ప్రారంభమైనప్పుడు ఉదయపు ఫలహారం 5 రూపాయలు, మధ్యాహ్న భోజనం 10 రూపాయలు, రాత్రి భోజనం 10 రూపాయలు. ఆ ధరల ప్రకారం ఒక కార్మికుడు 200 రూపాయలతో ఆరు రోజులు మూడు పూటలా అక్కడే తింటే ఎంత మిగులుతుంది?

ఒక రోజు ఖర్చు: 5 + 10 + 10 = 25
ఆరు రోజుల ఖర్చు: 25 × 6 = 150
మిగులు: 200 – 150 = 50 రూపాయలు

కొందరు పిల్లలు 200లో నుంచి 25 తీసివేసి 175 అంటారు. అప్పుడు తప్పు అని కొట్టివేయక, "ఈ 25 ఎన్ని రోజుల ఖర్చు?" అని అడగాలి. దిద్దుబాటు బిడ్డ నోటి నుంచే వస్తుంది. చివరకు ఖర్చును, మిగులును కూడి సరిచూడాలి: 150 + 50 = 200.

రెండవ ఉదాహరణ. రోజుకు 700 రూపాయల కూలి చొప్పున ఆరు రోజుల పని జరిగింది. మధ్యలో మేస్త్రి వద్ద 1,500 రూపాయలు అడ్వాన్సు తీసుకున్నారు. శనివారం ఎంత రావాలి?

700 × 6 = 4,200
4,200 – 1,500 = 2,700 రూపాయలు

తీసివేయమని ఈ లెక్కలో ఎక్కడా లేదు. "అడ్వాన్సు" అనే మాటే ఆ సంగతి చెబుతుంది. చేతికి 1,200 మాత్రమే వస్తే అడ్వాన్సు రెండుసార్లు పట్టుకున్నారేమో అడగవలసి ఉంటుంది. ఈ లెక్క వచ్చిన బిడ్డ ఇంటి సంపాదనకు కాపలా.

కన్నడ మాటలు. కన్నడ పాఠ్యపుస్తకంలో "బెలె" అంటే వెల, "ఉళిద" అంటే మిగిలిన. "ఒట్టు" అన్న మాట దగ్గర జాగ్రత్త అవసరం: తెలుగులో అది ప్రమాణం, కన్నడంలో మొత్తం. "ఖర్చు" రెండు భాషల్లోనూ ఒకటే.

లెక్కను సొంత భాషలోకి తెచ్చుకోవడం మనకు కొత్త కాదు. 9వ శతాబ్దంలో రాష్ట్రకూట చక్రవర్తి అమోఘవర్షుని కాలంలో మహావీరాచార్యుడు సంస్కృతంలో రచించిన గణితసారసంగ్రహాన్ని, 11వ శతాబ్దంలో పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. కన్నడదేశంలో పుట్టిన గణితం అలా తెలుగువారి సొత్తయింది.

అభ్యాసం. ఒక తల్లి 500 రూపాయలు తీసుకొని అంగడికి వెళ్లింది. కిలో 40 రూపాయల చొప్పున 5 కిలోల బియ్యం, కిలో 120 రూపాయల చొప్పున 2 కిలోల కందిపప్పు కొన్నది. ఎంత చిల్లర రావాలి?

(జవాబు: 60 రూపాయలు)