ఫైలంతా కాదు, ముక్క అడుగు

చి. బిడ్డకు,



మన జోగులాంబ గద్వాల జిల్లా ఊళ్ల మీద తెలుగు వికీపీడియాలో ఉన్న వ్యాసాలన్నీ ఒకచోట చేర్చి, ఏ పేజీలో ఇంకా మహబూబ్‌నగర్ జిల్లా అనే ఉందో చూస్తానని రాశావు. చాలా సంతోషమైంది. 2016 అక్టోబరులో జిల్లా మారింది గాని, రాతలో మారాలంటే ఎవరో ఒకరు ఓపికగా కూర్చోవాలి. కాకపోతే ఆ పనికి వికీపీడియా వ్యాసాలన్నీ మూటగట్టి ఉంచే డంపు మొత్తాన్ని ఫోను హాట్‌స్పాట్ మీద దించబోతే సగంలో నెట్ పోయిందనీ, మళ్లీ మొదటి నుంచి పెట్టాననీ అన్నావు. ఆలంపూర్‌లో కూర్చుని రోజు డేటా అంతా దానికే తగలబెట్టకు.

వెబ్ సర్వర్‌ను ఫైలులో ఒక ముక్క మాత్రమే ఇమ్మని అడగవచ్చు. 1990ల చివర్లో హెచ్‌టీటీపీ 1.1 వచ్చినప్పటి నుంచీ ఈ ఏర్పాటు ఉంది. నీ పైథాన్ స్క్రిప్టు పంపే అభ్యర్థనలో ‘రేంజ్’ అనే హెడర్ పెట్టి, ‘బైట్స్=0-499’ అని రాస్తే మొదటి 500 బైట్లు వస్తాయి. లెక్క సున్నాతో మొదలవుతుంది, చివరి అంకె కూడా అందులో కలుస్తుంది. 0-500 అని రాస్తే 501 వస్తాయి. తర్వాతి ముక్కను మళ్లీ 500 నుంచి అడిగావంటే అతుకు దగ్గర ఒక బైటు రెండుసార్లు పడుతుంది. కంప్రెస్ చేసిన ఫైలు చెడిపోవడానికి ఆ ఒక్క బైటు చాలు.

అంతకంటే ముఖ్యమైనది, అడగగానే ఇచ్చేశారని నమ్మవద్దు. ముక్క ఇచ్చిన సర్వర్ 206 అని చెబుతుంది. 200 అని వచ్చిందంటే నీ మాట పట్టించుకోకుండా ఫైలంతా మొదటి నుంచి పంపుతోందన్నమాట. స్క్రిప్టు అది చూడకుండా, ఉన్న సగం ఫైలు వెనకాల దాన్ని అతికించిందనుకో, డేటా పోతుంది, ఫైలూ పోతుంది. అందుకే ఫైలంతా ఒకేసారి దిగకుండా ‘స్ట్రీమ్’ ట్రూ అని పెట్టి, స్టేటస్ చూసి, 206 కాకపోతే అక్కడే కనెక్షన్ మూసెయ్. 416 వస్తే నువ్వు అడిగిన చోటు ఫైలు హద్దు దాటిందని అర్థం. చాలాసార్లు ఫైలు అప్పటికే పూర్తిగా దిగిపోయి ఉంటుంది, సైజు సరిచూసుకో.

206 వచ్చినా ‘కంటెంట్-రేంజ్’ హెడర్ చదవాలి. శ్రీశైలం ప్రాజెక్టు ముంపులో పోతుందని కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని విప్పి మన ఆలంపూర్‌కు తెచ్చి కట్టారు కదా, ఏ రాయి ఎక్కడిదో గుర్తులేకుండా ఆ పని అయ్యేది కాదు. ఈ హెడర్ అట్లాంటి గుర్తే. ముక్క ఎక్కడ మొదలై ఎక్కడ ముగిసిందో, మొత్తం ఫైలు ఎంతో అందులోనే ఉంటుంది.

తెగిన డౌన్‌లోడు కొనసాగడానికైతే స్క్రిప్టు కూడా అక్కర్లేదు. వీగెట్‌కు చిన్న సీ, కర్ల్‌కు పెద్ద సీ ఆప్షన్, దాని పక్కన ఒక గీత (-) ఇస్తే చాలు. కాని ‘లేటెస్ట్’ అని ఉండే లింకు నుంచి దించకు. మధ్యలో కొత్త డంపు వచ్చి అక్కడ కూర్చుంటే నీ దగ్గర సగం పాతది, సగం కొత్తది మిగులుతుంది. తేదీ ఉన్న ఫోల్డరులోకి వెళ్లి అక్కడి నుంచే తీసుకో.

ఇక నీ పని సంగతి. వికీపీడియా డంపుల్లో ‘మల్టీస్ట్రీమ్’ అని ఒకటి ఉంటుంది. అది ఒకే మూట కాదు, వంద వంద పేజీలను విడివిడిగా బీజిప్2 చేసి వరుసగా అంటించిన ఫైలు. పక్కనే దాని ఇండెక్సు చిన్న ఫైలుగా ఉంటుంది. ఒక్కో లైనులో మూడే ఉంటాయి: ఆ ముక్క ఎన్నో బైటు దగ్గర మొదలవుతుంది, పేజీ నంబరు, వ్యాసం పేరు. ముందు అది దించుకుని మన ఊళ్ల పేర్లు వెతుకు. ఒక ఊరి లైనులో 6000000 అని ఉండి, ఆ తర్వాత కనిపించే వేరే అంకె 6250000 అనుకో, నువ్వు అడగాల్సింది 6000000-6249999. వచ్చిన దాన్ని పైథాన్‌లోని బీజిప్2 మాడ్యూలుకిస్తే అది ఒక్కటే విడిగా తెరుచుకుంటుంది. వంద పేజీల ఎక్స్‌ఎంఎల్ చేతికొస్తుంది, పైన కింద ఉండాల్సిన మూల ట్యాగు మాత్రం ఉండదు, నువ్వే చేర్చుకోవాలి. వరుసగా సృష్టించిన ఊళ్ల పేజీలైతే ఒకే ముక్కలో ఎన్నో దొరుకుతాయి కాబట్టి ఒకే అంకెను రెండుసార్లు అడగకుండా చూసుకో. ఇండెక్సు, డంపు రెండూ ఒకే తేదీవి కావాలి. లేదంటే అంకెలు ఎక్కడికో తీసుకెళతాయి.

ఇదే పద్ధతి మామూలు తెలుగు టెక్స్టు ఫైలు మీద వాడితే జాగ్రత్త. యూటీఎఫ్-8లో మన అక్షరానికి, గుణింతపు గుర్తుకు ఒక్కోదానికి మూడు బైట్లు. ‘తెలుగు’ అంటేనే 18. ఎక్కడ పడితే అక్కడ కోస్తే ముక్క మొదట్లోనో చివర్లోనో అక్షరం విరిగి డీకోడ్ కాదు. అందుకే ముక్కలన్నీ బైట్లుగానే ఉంచి, కలిపాకే అక్షరాల్లోకి మార్చు. సర్వర్ జిప్ చేసి పంపకుండా ‘యాక్సెప్ట్-ఎన్‌కోడింగ్’ దగ్గర ‘ఐడెంటిటీ’ అని కూడా పెట్టు.

వికీమీడియా నడిచేది జనం ఇచ్చిన విరాళాల మీద. పది కనెక్షన్లు తెరిచి లాగకు. ఒకదాని తర్వాత ఒకటి, మధ్యలో కాస్త ఆగుతూ అడుగు. యూజర్-ఏజెంట్‌లో నీ పని పేరు, నీ మెయిలు రాయి. ఏదైనా ఇబ్బందైతే వాళ్లు నీకు చెప్పగలగాలి.

ముందు ఆలంపూర్ వ్యాసం ఉన్న ముక్క ఒక్కటి దించి తెరిచి చూడు. తెరుచుకోకపోతే స్టేటస్ అంకె, కంటెంట్-రేంజ్ లైను ఉన్నవి ఉన్నట్టు రాసి పంపు, ఇద్దరం కలిసి చూద్దాం.

నీ
పెద్దనాయిన